గచ్చు మీది వలయాలు

2010 నవంబరు మాసంలో ఒకనాటి ఉదయం, రాత్రి షిఫ్టు ముగించుకుని నేను ఇల్లు చేరేసరికి, మా అమ్మాయి దినపత్రికలోని క్రీడల పుటను నేల మీద పరచుకుని దాని మీదికి వంగి కూర్చుని ఉంది. అప్పటికి ఆమెకు పదకొండేళ్ళు. బడికి వేళ మించిపోతున్నా జడ వేయించుకోలేదు. నన్ను చూడగానే, "బాపూ, మన హైదరాబాదాయనకు రెండు పతకాలొచ్చినయి, స్కేటింగుల!" అన్నది.

"పరుగు పందెమా?" అని అడిగాను.

"పందెం కాదు బాపూ. నేను చేసేదే. తిరుగుడు, ఎగురుడు, పాటకు ఆడుడు."

చొక్కాకు అంటిన గ్రీజు మరకలతోనే ఆమె పక్కన కూర్చుని ఆ వార్త చదివాను. చైనాలోని గ్వాంగ్‌ఝౌ నగరంలో పదహారవ ఆసియా క్రీడలు జరుగుతున్నాయి. చక్రాల స్కేటింగుకు ఆ క్రీడోత్సవంలో చోటు దక్కడం అదే తొలిసారి. అందులో హైదరాబాదుకు చెందిన అనూప్ కుమార్ యామ పురుషుల ఫ్రీ స్కేటింగులో ఒక కాంస్యం, అవని పాంచాల్‌తో కలిసి జంట విభాగంలో మరొక కాంస్యం సాధించాడు. వార్త చిన్నది. నాలుగు వాక్యాలకు మించి లేదు. ఆ ముక్కను మా అమ్మాయి కత్తిరించి తన లెక్కల పుస్తకం అట్ట లోపల అంటించుకుంది. పదిహేనేళ్ళు గడిచినా ఆ కాగితపు ముక్క మా ఇంట్లో భద్రంగా ఉంది.

భూపాలపల్లి బొగ్గు ఊరు. నేను సింగరేణి వర్క్‌షాపులో ఫిట్టరుగా చేరి, ఫోర్‌మన్‌గా ఉద్యోగ విరమణ చేశాను. కన్వేయర్ బెల్టు కింద తిరిగే రోలర్లను విప్పడం, బిగించడం, వాటి బేరింగుల చప్పుడును బట్టి ఆయుష్షు లెక్కకట్టడం నా పని. చక్రం అంటే బరువును ఒకచోటి నుండి మరొకచోటికి చేర్చే సాధనం అని తప్ప, దాని మీద ఒక మనిషి నాట్యం చేయవచ్చునన్న ఊహ నాకెన్నడూ కలగలేదు. 2007 వేసవిలో, అప్పటికి మాది ఇంకా ఆంధ్రప్రదేశ్‌లోని వరంగల్ జిల్లాయే, మా బావమరిది హైదరాబాదు నుండి వస్తూ ఆబిడ్స్‌లో కొన్న ఒక జత స్కేట్లు మా అమ్మాయికి తెచ్చి ఇచ్చాడు. కాలుకు నాలుగు చక్రాలు, ముందర ఒక రబ్బరు ఆపు. మా అమ్మ వాటిని చూసి, "ఆడిపిల్లకు సక్రాల బూట్లేంది కొడుకా, కాలిరిగితె ఎవలు చేసుకుంటరు?" అని గొణిగింది. కాలనీలోని కమ్యూనిటీ హాలు ముందర నున్నటి గచ్చు ఉండేది. సాయంకాలం మా అమ్మాయి అక్కడే ఉండేది. పెండ్లి పందిరి వేసిన రోజులలో మాత్రం ఆమె ముఖం చిన్నబోయేది.

ఇక్కడ నా తప్పు ఒకటి చెప్పుకోవాలి. స్కేటు అడుగున, చక్రాల ఇరుసును పట్టి ఉంచే చోట, రబ్బరు బుష్‌లు ఉంటాయి. ఏడాది తిరిగేసరికి అవి పగిలిపోయాయి. కొత్తవి ఎక్కడ దొరుకుతాయో తెలియదు. వర్క్‌షాపులో పారవేసిన పాత కన్వేయర్ బెల్టు ముక్క నుండి బిళ్ళలు కోసి, వాటిని అమర్చి, నట్టును గట్టిగా బిగించాను. పని ఎంతో పటిష్ఠంగా కుదిరిందని మురిసిపోయాను. ఆ తరువాత రెండేళ్ళకు పైగా మా అమ్మాయి మలుపు తిరిగిన ప్రతిసారీ పడిపోయేది. మోకాళ్ళు చెక్కుకుపోయేవి. "నీకు సమతూకం కుదురుత లేదు బిడ్డా, ఇంకా సాధన చెయ్యి" అని నేను బోధించేవాడిని. ఆమె నిజమేననుకుని సాధన చేసేది.

గ్వాంగ్‌ఝౌ వార్త వచ్చిన తరువాత ఆమె పోరు పడలేక, 2011 జనవరిలో హైదరాబాదు తీసుకుని వెళ్ళాను. ఇందిరా పార్కులోని స్కేటింగు రింకు ఆ నగరపు స్కేటర్లకు చిరకాలంగా సాధనస్థలం. అక్కడి శిక్షకుడొకరు మా అమ్మాయి రెండు మలుపులు తిరగడం చూసి, దగ్గరకు పిలిచి, స్కేటు విప్పించి, దాని ఇరుసును బొటనవేలితో అటూ ఇటూ వంచబోయారు. అది కదలలేదు. "ఇది ఎవరు బిగించారు?" అని అడిగారు. నేను అన్నాను, "నేనే సార్." ఆయన కోప్పడలేదు. "ఇది వంగాలి. కాలు ఒక పక్కకు ఒరిగితే ఇరుసు వంగాలి, ఇరుసు వంగితే చక్రాలు ఆ పక్కకు తిరగాలి. మీరు రైలు పట్టా చేసి పెట్టారు. పాప ఇన్నాళ్ళు దీని మీద ఎట్లా నిలబడిందో!" అన్నారు.

అమెరికాలో జేమ్స్ ప్లింప్టన్ అనే ఆయన 1863లో కనిపెట్టిన కిటుకు సరిగ్గా అదే. అంతకు పూర్వం చక్రాల స్కేట్లు తిన్నగా పోవడమే తప్ప ఒరిగి మలుపు తిరగడం ఎరుగవు. ఒరిగితే తిరిగే ఇరుసును ఆయన అమర్చిన తరువాతనే మంచు మీది విన్యాసాలు చక్రాల మీదికి రావడం సాధ్యమయింది. నూట నలభై ఏళ్ళ కిందట ఆయన వదులు చేసిన దానిని నేను భూపాలపల్లిలో మళ్ళీ బిగించాను. ఆనాడు మెత్తని బుష్‌లు వేయించిన పది నిమిషాలకు మా అమ్మాయి ఒంటికాలి మీద ఒక పూర్తి వలయం తిరిగి వచ్చి నా ముందర ఆగింది. నేను ఆమె మోకాలి మచ్చల వంక చూడలేకపోయాను.

అది మొదలు నాలుగేళ్ళపాటు నెలకు రెండు ఆదివారాలు మా ప్రయాణం సాగింది. శనివారం రాత్రి బస్సెక్కి, పరకాల, హన్మకొండ, జనగామ, భువనగిరి మీదుగా తెల్లవారేసరికి ఉప్పల్‌లో దిగేవాళ్ళం. ఆదివారం పని చేస్తే సింగరేణిలో ప్లే డే కింద అదనపు జీతం వచ్చేది. ఆ మస్టర్లు వదులుకున్నాను. తోటివారు, "కోచింగుకా?" అని అడిగితే అవునని చెప్పేవాడిని. ఏ కోచింగో చెప్పేవాడిని కాను.

రింకు గట్టు మీద కూర్చుని చూస్తూ చూస్తూ ఈ విద్యలోని కష్టం నాకు కొంత తెలిసివచ్చింది. ఫిగర్ స్కేటింగు అన్న పేరులోనే అసలు సంగతి ఉంది. తొలినాళ్ళలో అది ఎగరడం కాదు, మంచు మీద బొమ్మ గీయడం. రెండు వలయాలు ఒకదానినొకటి తాకేట్లు గీస్తే ఎనిమిది అంకె వంటి ఆకృతి వస్తుంది. ఆ గీత మీదనే, ఒంటికాలి మీద, ఒక్క తోపుతో వచ్చిన ఊపుతోనే మొత్తం వలయం తిరిగి రావాలి. రెండు వలయాలు కలిసే బిందువు దగ్గర కాలు మార్చాలి. మధ్యలో రెండవ కాలు నేలకు తాకించకూడదు. మంచు మీద ఈ పోటీ 1990తో ఆగిపోయింది. చూసేవారికి విసుగు పుట్టిస్తుందన్నారు. చక్రాల స్కేటింగులో మాత్రం ఆ తరువాత కూడా ఎన్నో ఏళ్ళు కొనసాగింది. అక్కడ వలయాలు నేల మీద రంగుతో గీసి ఉంటాయి. పెద్దదాని అడ్డుకొలత ఆరు మీటర్లు. చక్రం గీత దాటిందా లేదా అన్నది న్యాయనిర్ణేతలు దగ్గర నిలబడి చూస్తారు. చప్పట్లు ఉండవు, సంగీతం ఉండదు. మా అమ్మాయి మొదటి ఏడాదంతా ఇదే చేసింది.

మా ఊళ్ళో గీసి ఉన్న వలయాలు ఎక్కడున్నాయి? కమ్యూనిటీ హాలు గచ్చు మధ్య నేను ఒక మేకును నిలబెట్టి పట్టుకుని, దానికి మూడు మీటర్ల తాడు కట్టి, కొసన సుద్దముక్క ముడివేసి ఇచ్చేవాడిని. ఆమె తాడును బిగువుగా లాగి పట్టుకుని చుట్టూ తిరిగి వలయం గీసేది. ఇది నాకు వచ్చిన విద్య. కొలతలో వెంట్రుకవాసి తేడా రానిచ్చేవాడిని కాను. వాన పడితే మళ్ళీ గీసేవాళ్ళం.

ఎగిరే విద్య తరువాత వచ్చింది. వాటిలో ఆక్సెల్ అనేది కఠినమైనది. నార్వేకు చెందిన ఆక్సెల్ పాల్సెన్ 1882లో వియన్నాలో చేసి చూపినందువల్ల దానికి ఆ పేరు. మిగిలిన గెంతులన్నీ వెనుకకు పోతూ ఎగరేవి. ఇది ఒక్కటే ముందుకు చూస్తూ ఎగరాలి. కానీ దిగడం మాత్రం వెనుకకే కనుక గాలిలో ఒక చుట్టు చాలదు, ఒకటిన్నర చుట్లు తిరగాలి. పైగా చక్రాల స్కేటు మంచు స్కేటు కన్న బరువు. దిగేటప్పుడు కింద ఉండేది గచ్చు. మంచైతే పడినవాడు జారిపోతాడు, గచ్చు మీద పడినవాడు అక్కడే ఆగిపోతాడు. పోటీలో ఇవన్నీ నాలుగు నిమిషాలకు అటూ ఇటూగా సాగే సంగీతంలో ఇమిడిపోవాలి. ముఖంలో శ్రమ కనిపించకూడదు. ఇది నాకు అన్యాయంగా తోచేది. మా గనిలో కష్టం చేసినవాడి ముఖం చూస్తే కష్టం తెలుస్తుంది. ఇక్కడ కష్టం తెలిసిందంటే మార్కులు పోతాయి.

అప్పుడే అనూప్ కుమార్ యామ సాధించినదేమిటో నాకు అర్థం కాసాగింది. ఒకే క్రీడోత్సవంలో ఒకసారి ఒంటరిగా, మరొకసారి తోటి స్కేటరును భుజాల మీదికి ఎత్తి తిరుగుతూ పతకాలు పొందడమంటే రెండు వేరు విద్యలలో ఆరితేరడమే. అంతకంటె నన్ను ఆలోచింపజేసినది మరొకటి ఉంది. 2014లో ఇంచియాన్‌లో జరిగిన ఆసియా క్రీడలలో చక్రాల స్కేటింగు అసలే లేదు. 2018 ఆసియా క్రీడలలో తిరిగి వచ్చినా అందులో వేగపు పందేలకే స్థానం, కళాత్మక విభాగానికి లేదు. ఒలింపిక్స్‌లో ఈ విద్యకు ఎన్నడూ చోటు లేదు. అంటే ఒకమారు వెలిగిన వేదికను ఆ తరువాత తీసివేశారన్నమాట. క్రికెట్ ఆటగాడికి ఈ ఏడు కాకపోతే పై ఏడు ఉంటుంది. ఈ మనిషి ఎవరి కోసం, ఏ తేదీ కోసం సాధన చేయాలి?

అతడు సాధన మానలేదు. 2013లో తైపీలో జరిగిన ప్రపంచ పోటీలలో ఇన్‌లైన్ విభాగంలో స్వర్ణ పతకం గెలిచాడు. ఇన్‌లైన్ అంటే చక్రాలు రెండు జతలుగా కాక, కత్తి అంచు వలె ఒకే వరుసలో ఉండే స్కేటు. రెంటి నడక వేరు, రెంటి మొగ్గు వేరు. మంచు మీది స్కేటుకు అది దగ్గరి చుట్టం. మంచు లేని దేశం నుండి వచ్చినవాడు మంచును పోలిన స్కేటు మీద విశ్వవిజేత అయ్యాడు. మన దేశంలో మంచు స్కేటింగుకు సిమ్లాలో 1920 నుండి ఒక రింకు ఉన్నమాట నిజమే, కానీ అది చలికాలంలో ప్రకృతి కరుణిస్తేనే గడ్డకడుతుంది. దేహ్రాదూన్‌లో 2011లో కట్టిన రింకు ఏళ్ళ తరబడి మూతపడి ఉండేది. మంచు మీద మన దేశం పక్షాన పోటీపడిన తారా ప్రసాద్ అమెరికాలో పుట్టి, అక్కడే ఆ విద్య నేర్చిన యువతి. తెలుగునేల మీద పుట్టిన పిల్లలకు చక్రమే దిక్కు.

తైపీ వార్త వచ్చిన నాటికి మా అమ్మాయి తొమ్మిదవ తరగతి. అప్పుడప్పుడే ఆక్సెల్ గెంతులో పడకుండా దిగడం పట్టుబడుతోంది. పదిసార్లు ఎగిరితే నాలుగుసార్లు నిలిచేది. ఇంకొక ఏడాది గడిచేసరికి ఏడుసార్లు నిలవసాగింది. ఈ లెక్క నేను జేబు పుస్తకంలో రాసుకునేవాడిని.

2015లో పదవ తరగతి ఫలితాలు వచ్చాయి. మంచి మార్కులు. హైదరాబాదులోని ఒక కార్పొరేటు కళాశాల వారు ఫీజులో సగం తగ్గిస్తామని ఇంటికి వచ్చి మరీ చెప్పారు. వసతిగృహంలో ఉండి చదవాలి, ఉదయం అయిదు నుండి రాత్రి పది వరకు. స్కేట్లు తెచ్చుకోవచ్చునా అని మా అమ్మాయే వారిని అడిగింది. వారు నవ్వారు. నేను కూడా నవ్వాను. ఆ నవ్వు నాకిప్పటికీ గుర్తుంది.

ఆ రాత్రి మా ఆవిడ, "బస్సుల పడి పోయేటిది, మోకాళ్ళు పగలగొట్టుకునేటిది అది. ఒక్కసారి దాన్ని అడుగు" అన్నది. నేను అడగలేదు. "రెండేండ్లే కదా బిడ్డా, ఇంజనీరింగు సీటు రానీ, తరువాత చూద్దాం" అని తీర్పు చెప్పాను. పదహారు నుండి పద్దెనిమిది వరకు ఈ విద్యలో శరీరం కుదురుకునే కాలమని గట్టు మీద కూర్చుని నాలుగేళ్ళు విన్నవాడిని. తెలియక అన్నమాట కాదు. మా అమ్మాయి ఏడవలేదు. బేరింగులన్నీ విప్పి, కిరసనాయిలులో కడిగి, ఆరబెట్టి, నూనె చుక్క వేసి మళ్ళీ బిగించి, స్కేట్లను పాత గుడ్డలో చుట్టి రేకుపెట్టెలో పెట్టింది. ఆ పెట్టెను అటకెక్కించింది నేనే.

ఆ ఏడాది ఆగస్టు 29, జాతీయ క్రీడాదినోత్సవం నాడు, రాష్ట్రపతి భవనంలో ప్రణబ్ ముఖర్జీ చేతుల మీదుగా అనూప్ కుమార్ యామ అర్జున పురస్కారం అందుకున్నాడు. ఆ జాబితాలో క్రికెటర్ రోహిత్ శర్మ, జిమ్నాస్ట్ దీపా కర్మాకర్, మన గుంటూరు కిదాంబి శ్రీకాంత్ కూడా ఉన్నారు. వారి పేర్లు తెలియనివారు మా కాలనీలో లేరు. అతని పేరు తెలిసినవారు మా ఇంట్లోనే ఉన్నారు. అందులో ఒకరు వసతిగృహంలో ఉన్నారు. మరునాడు ఆదివారం, తల్లిదండ్రులను కలవనిచ్చే రోజు. తెల్లవారుజామున అదే పాత దారిన బస్సెక్కి, ఉప్పల్‌లో దినపత్రిక కొని, తీసుకువెళ్ళి ఇచ్చాను. ఆమె నిలబడే చదివింది. రెండుసార్లు చదివింది. మడిచి నా చేతికి తిరిగి ఇస్తూ, "నువ్వే ఉంచు బాపూ. ఇక్కడ పేపర్లు ఉంచుకోనియ్యరు" అన్నది. పాత ముక్క పక్కన ఈ ముక్కను నేనే కత్తిరించి అంటించాను.

ఆమెకు ఇంజనీరింగు సీటు వచ్చింది, ఉద్యోగం వచ్చింది. నా లెక్క ప్రకారం అంతా సక్రమంగా జరిగింది. 2020లో కరోనా కాలాన ఇంటి నుండే పని చేయమన్నప్పుడు ఏడాదికి పైగా మా దగ్గర ఉంది. ఒకనాడు అటక మీది రేకుపెట్టె దింపమన్నది. బూట్లు కాలికి పట్టలేదు. చక్రాలు మాత్రం వేలితో తిప్పితే ఎంతసేపటికో గాని ఆగలేదు. వాటిని పక్క క్వార్టరు పిల్లకు ఇచ్చి, తనకు కొత్తవి తెప్పించుకుంది. ఇప్పటికీ సెలవుకు వచ్చిన ప్రతిసారీ కాలనీ పిల్లలు ఎనమండుగురు, తొమ్మండుగురు ఆమె కోసం గచ్చు దగ్గర కాచుకుని ఉంటారు. ఆక్సెల్ ఆమె మళ్ళీ ప్రయత్నించలేదు. నేను అడగలేదు.

ఒకే ఒక్కసారి, బతుకమ్మ పండుగకు వచ్చినప్పుడు, ఆగలేక అడిగాను. "ఆ రెండేండ్లు నేను ఆపకపోయుంటే?" అని. ఆమె కాసేపు మౌనంగా ఉండి, "అనూప్ సారంతటిదాన్ని అయ్యేదాన్నో లేదో నాకు తెల్వది బాపూ. కాకపోయేదాన్నే కావచ్చు. అయితనా కానా అని తెలుసుకునే రోజులు మాత్రం పోయినయి" అన్నది. ఆ గొంతులో నిష్ఠూరం లేదు. ఉండి ఉంటే నాకు కొంత తేలికగా ఉండేది.

మొన్నటి సెలవులో పిల్లలకు వలయాలు గీయాలన్నది. మేకు, తాడు, సుద్దముక్క పట్టుకుని ఇద్దరం గచ్చు మీదికి వెళ్ళాం. నేను మధ్యలో చతికిలబడి మేకును రెండు చేతులతో పట్టుకున్నాను. మోకాళ్ళు మునుపటివలె సహకరించడం లేదు. ఆమె తాడు కొస పట్టుకుని మూడు మీటర్ల దూరం నడిచి వెళ్ళి వెనుదిరిగి చూసింది.

"కదలకు బాపూ" అన్నది.